తాత్కాలిక కార్మికుడు – న్యాయస్థానపు గడప

తెల్లవారుజామున బస్సు డిపో ముందు ఖాకీ దుస్తులు ధరించిన ఇద్దరు డ్రైవర్లు పక్కపక్కనే కనిపిస్తారు. వారు నడిపే దారి ఒకటే, ప్రయాణికుల ప్రాణభారమూ ఒకటే. అయినను ఒకరికి జీతంతో కూడిన సెలవు, ఏటేటా పెరిగే వేతనం ఉన్నవి. రెండవవారికి ఆనాటి డ్యూటీ దొరికితేనే ఆనాటి కూలి. మొదటివారు పర్మినెంటు, రెండవవారు క్యాజువల్. ఈ అంతరం తొలగించమని రోడ్డు రవాణా సంస్థల కార్మికులు దశాబ్దాలుగా న్యాయస్థానాల గడప తొక్కుతున్నారు. చట్టం వారికి ఏమి ఇస్తుందో, ఏమి ఇవ్వదో విద్యార్థులు తెలుసుకోదగిన విషయం.

‘240 రోజులు పనిచేస్తే ఉద్యోగం ఖాయం’ అనే నమ్మకం జనంలో బలంగా ఉన్నది. అది సగం సత్యమే. 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టం ప్రకారం పన్నెండు నెలలలో 240 రోజులు పనిచేసినవాడు ఏడాదిపాటు నిరంతర సేవ చేసినట్లు లెక్క. అట్టివానిని పనిలో నుండి తగ్గించదలచినచో నెలరోజుల నోటీసు గాని, దానికి బదులు ఆ నెల వేతనం గాని ఇవ్వాలి. అదిగాక, సేవ చేసిన ప్రతి సంవత్సరానికి 15 రోజుల సగటు వేతనం చొప్పున పరిహారం చెల్లించాలి. అనగా ఆ సంఖ్య అకారణ తొలగింపు నుండి కాపాడే కవచం. శాశ్వతోద్యోగపు నియామక పత్రం కాదు. 2025 నవంబరు 21 నుండి ఆ చట్టం స్థానే 2020 నాటి పారిశ్రామిక సంబంధాల స్మృతి అమలులోకి వచ్చినను ఈ సూత్రం నిలిచియే ఉన్నది.

మరి శాశ్వతోద్యోగానికి మార్గమేది? ఇక్కడ రెండు న్యాయాలు ఎదురుపడతాయి.

మొదటిది సమానావకాశం. ప్రకటన, ఎంపిక లేకుండా ప్రవేశించినవారిని కోర్టు ఉత్తరువుతో శాశ్వతం చేస్తే, దరఖాస్తు చేతబట్టి వెలుపల నిరీక్షించే నిరుద్యోగికి అన్యాయం జరుగుతుంది. రాజ్యాంగంలోని 14, 16 అధికరణాలకు భంగం కలుగుతుంది. 2006 ఏప్రిల్ 10న కర్ణాటక ప్రభుత్వానికీ ఉమాదేవికీ మధ్య నడచిన వ్యాజ్యంలో సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఈ మాటే చెప్పినది. అయితే అర్హతలు కలిగి, మంజూరైన పోస్టులలో, కోర్టు ఉత్తరువుల అండ లేకుండా పదేళ్లు పనిచేసినవారిని ఒక్క పర్యాయం క్రమబద్ధం చేయవచ్చునన్నది.

రెండవది శ్రమకు దక్కవలసిన న్యాయం. శాశ్వత హోదా ఎగవేయాలనే ఉద్దేశంతో కార్మికులను ఏళ్ల తరబడి తాత్కాలికులుగానే ఉంచడం చట్టరీత్యా అక్రమ కార్మిక విధానం. మహారాష్ట్ర రాష్ట్ర రోడ్డు రవాణా సంస్థలో, బస్సుకు ఇంత చొప్పున స్వల్పమైన కూలికి బస్సులు శుభ్రపరచిన క్యాజువల్ కార్మికులు, ఆ రాష్ట్రపు 1971 నాటి చట్టాన్ని ఆధారం చేసుకొని పోరాడారు. 2009 ఆగస్టు 28న సుప్రీంకోర్టు వారి పక్షాన నిలిచినది. అక్రమ విధానం రుజువైనచోట పారిశ్రామిక న్యాయస్థానానికి గల అధికారాన్ని ఉమాదేవి తీర్పు హరించలేదని స్పష్టం చేసినది. కాని అసలు పోస్టే లేనిచోట శాశ్వత హోదా ఇవ్వజాలరని కూడా పలికినది.

కావున హైకోర్టులో రిట్టు వేయడమా, పారిశ్రామిక న్యాయస్థానాన్ని ఆశ్రయించడమా అనే నిర్ణయమే ఒక్కొక్కప్పుడు ఫలితాన్ని మార్చివేస్తుంది.

అన్నిటికంటె ముఖ్యమైనది సాక్ష్యం. 240 రోజులు పనిచేసినట్లు నిరూపించే భారం కార్మికునిదేననీ, కేవలం ప్రమాణ పత్రం చాలదనీ 2002లో సుప్రీంకోర్టు తేల్చినది. చదువురాని తండ్రి డ్యూటీ కాగితాలు జేబులోనే చిరిగిపోతాయి. జీతపు చీటీలు చెదల పాలవుతాయి. పదేళ్ల తరువాత కోర్టు అడిగేది వాటినే.

విద్యార్థి మిత్రులారా! మీలో అనేకులు ఇట్టి ఇళ్లనుండే వచ్చినవారు. తండ్రిగారివో, అన్నగారివో ఆ కాగితాలను తేదీల వరుసన కూర్చి భద్రపరచండి. దానికి పట్టా అవసరం లేదు, కొంచెం శ్రద్ధ చాలు. కాగితం లేని కష్టం న్యాయస్థానంలో మూగది. దానికి నోరు ఇవ్వగలిగినది మీ చదువే.