నేస్తాలిద్దరూ – నిజం దెబ్బలూ

ఫైటింగు సినిమా అనగానే వంటింట్లోంచి "ఏటర్రా ఆ గోల?" అని కేకేస్తాం. కాని ఇద్దరు నేస్తాలు కీచులాడుకుంటూ, నవ్విస్తూ, ప్రాణం మీదికి తెచ్చుకునే సినిమా అయితే గరిటె చేత్తో పట్టుకునే గుమ్మంలో నిలబడిపోతాం. ఎందుకంటారు?

1971లో వచ్చిన "మోసగాళ్లకు మోసగాడు" గుర్తుందా? రాసింది విజయనగరంలో చదువుకున్న మన ఆరుద్రగారే. కృష్ణా, నాగభూషణమూ ఒకరికొకరు టోపీ వేసుకుంటారు, మళ్లీ అవసరానికి ఒక్కటవుతారు. తీసింది రాజస్థాన్ ఇసకలో, నిజం గుర్రాల మీద. ఆ దుమ్ము చూస్తేనే మనకి నమ్మకం కుదురుతుంది.

ఒకే రోట్లో ఇద్దరు ఆడవాళ్లు పోటు వేయడం మీరు చూసే ఉంటారు. ఒక రోకలి లేచేసరికి రెండోది పడుతుంది. లెక్క తప్పితే దెబ్బ తప్పదు. అయినా వాళ్లు కబుర్లాడుకుంటూ, నవ్వుకుంటూనే దంచుతారు. ఈ సినిమాల రుచి అంతా అక్కడే ఉంది.

హాంగ్‌కాంగ్ నటులు జాకీచాన్, సామోహంగ్, యూన్ బియావ్ చిన్నప్పుడు ఒకే నాటకాల బడిలో ఏళ్ల తరబడి పల్టీలు నేర్చుకున్నారు. అందుకే ఒకడు తన్నితే రెండోవాడికి ఎప్పుడు ఒరగాలో తెలుసు. 1983 నాటి "ప్రాజెక్ట్ ఏ"లో జాకీచాన్ గడియార స్తంభం మీంచి గుడ్డ పందిళ్లు చీల్చుకుంటూ నేలమీద పడతాడు. అది బొమ్మ కాదు, మనిషే. కంప్యూటర్లో కట్టిన మేడ మీంచి దూకితే మన గుండె అలా ఝల్లుమనదు, నా మటుకు నాకు.

మన వైపు వాళ్లకి ఇది కొత్తా? వీరఘట్టంలో పుట్టిన కోడి రామమూర్తి నాయుడుగారు సర్కస్ పెట్టి, గుండెల మీద ఏనుగుని ఎక్కించుకున్నారు, ఊపిరి బిగించి ఇనుప గొలుసులు తెంచారు. జనం కళ్లారా చూశారు. దాని వెనక ఎన్నేళ్ల సాధన!

పిల్లలకి ఆ సాధన కనబడదమ్మా, దూకడమే కనబడుతుంది. మేడ పిట్టగోడ ఎక్కేస్తారు. అందుకని సినిమా అవగానే టీవీ కట్టేయకండి. జాకీచాన్ సినిమాల చివర పేర్లతోపాటు తప్పిన టేకులూ, తగిలిన దెబ్బలూ వేస్తారు. "ఆర్మర్ ఆఫ్ గాడ్" తీసేటప్పుడు చెట్టుమీంచి పడి, తల పగిలి ఆపరేషన్ చేయించుకున్నాడాయన. గుంటల్ని పక్కన కూచోబెట్టుకుని ఆ ముక్క కూడా చూడండి.