మెట్ట రైతు కార్తెలు

తెలుగు పంచాంగంలో నెలలు చంద్రుని ననుసరించి సాగుతాయి. చాంద్రమాన సంవత్సరం సుమారు 354 దినాలే. అందుచేత ఉగాది ఒక ఏడు మార్చిలో, మరొక ఏడు ఏప్రిల్‌లో వస్తుంది. ఇట్లు కదలే నెలలను నమ్మి విత్తనం వేయలేని రైతు సూర్యుణ్ణి ఆశ్రయించాడు. సూర్యుడు 27 నక్షత్రాలలో ఒక్కొక్కదానియందు పదమూడు, పద్నాలుగు దినాలు ఉంటాడు. ఆ కాలమే కార్తె. మృగశిర ఏటా జూన్ 8 ప్రాంతంలో, ఆరుద్ర 22 ప్రాంతంలో ప్రవేశిస్తాయి.

అనంతపురం పడమటి కనుమల వర్షచ్ఛాయలో ఉన్న సీమ. ఏడాదికి కురిసేది సుమారు 550 మిల్లీమీటర్లు. అందులోనూ మిక్కిలి వాన సెప్టెంబరులో, అనగా పుబ్బ, ఉత్తర కార్తెలలో పడుతుంది. మృగశిర తొలకరికే తొందరపడి వేరుశనగ విత్తితే, ఊడలు దిగే వేళకు బెట్ట తగలవచ్చు. మరీ ఆలస్యమైతే కాయ ఊరే నాటికి వాన వెనుదీయవచ్చు. ఒక్క విత్తుకు మాత్రమే సరిపడే కాయలున్న ఇంటికి ఇది అప్పుతో ముడిపడిన లెక్క.

ఈ గణనలో ఒక మెలిక కూడా ఉంది. నక్షత్రాలను బట్టి లెక్కించే సంవత్సరం ఋతువుల సంవత్సరం కంటే సుమారు ఇరవై నిమిషాలు అధికం. అందువలన 72 ఏండ్లకు ఒక దినం చొప్పున కార్తె ఋతువుకు వెనుకబడుతుంది. నన్నయ నాటికి ఏడాదిలో పగలు అతిదీర్ఘమైన దినం ఆరుద్ర చివర ఉండేది. నేడది మృగశిర చివరకు జరిగింది.

అనుభవజ్ఞుడైన రైతు కార్తె పేరు విన్నంతనే గొర్రు కట్టడు. మట్టిని పిడికిట పట్టి పదను చూస్తాడు. అది లేకుంటే ఆరుద్రను విడిచి పునర్వసుకు ఆగుతాడు.