మీకు తెలుసా? గోల్ఫ్ కార్టులో మలుపు దగ్గరే ప్రమాదం

యూఏఈలో 2017 జులై 1 నుంచి నాలుగేళ్లలోపు పిల్లలకు కారులో చైల్డ్ సీటు తప్పనిసరి. లేకపోతే 400 దిర్హమ్‌ల జరిమానా. అదే పిల్లల్ని రిసార్టుల్లో, విల్లా కాలనీల్లో గోల్ఫ్ కార్టు ఎక్కించేటప్పుడు మాత్రం ఆ జాగ్రత్త గుర్తురాదు. చాలా కార్టులకు తలుపులుండవు, బెల్టులూ ఉండవు. డ్రైవర్ ఎడమవైపు ఉంటాడు కాబట్టి, బండి గబుక్కున ఎడమకు తిరిగితే కుడి చివర కూర్చున్నవారు బయటికి తూలిపోతారు. పక్కనున్న కమ్మీ పెద్దవాళ్ల నడుముకు ఆసరా. కాళ్లు నేలకందని పిల్లలు దాని మీదుగానో కిందనుంచో జారిపోతారు. వెనక్కి తిరిగి ఉండే సీటు ఇంకా ప్రమాదం: బండి ఒక్కసారిగా కదిలితే నేరుగా రోడ్డు మీద పడతారు. ఒళ్లో పట్టుకోవడం రక్షణ కాదు. బెల్టు లేని కార్టులో చంటిపిల్లల్ని దయచేసి ఎక్కించకండి.