చీర ముడి బిగిస్తే నడుముకు ముప్పేనా?

చీర మార్చుకునేటప్పుడు నడుము చుట్టూ తాడు ఒత్తినట్లు కనిపించే గీత మన దేశంలో చాలామంది స్త్రీలకు చిరపరిచితమే. ఏళ్లు గడిచేకొద్దీ ఆ గీత నల్లబడుతుంది. ఎండాకాలంలో చెమటకు దురద పెడుతుంది, అప్పుడప్పుడు పొట్టు రాలుతుంది. దానిని జబ్బుగా లెక్కించేవారు అరుదు. కాస్త కొబ్బరినూనె రాసుకుని మరునాడు మళ్లీ అదే చోట నాడా బిగిస్తారు.

2024 నవంబరులో ‘బీఎంజే కేస్ రిపోర్ట్స్’ అనే వైద్య పత్రికలో మహారాష్ట్ర, బిహార్ వైద్యులు ప్రచురించిన నివేదిక ఈ గీతనే చర్చకు తెచ్చింది. అందులో ప్రస్తావించిన ఇద్దరు మహిళలకూ సరిగ్గా నడుము కట్టు ఒరుసుకునే చోటే పుండు ఏర్పడి, అది చర్మ క్యాన్సరుగా తేలింది. ఒకరి వయసు 70 ఏళ్లు. కుడివైపు నడుముపై పడిన పుండు 18 నెలలైనా మానలేదు. ఆమె తొమ్మిది గజాల నవ్వారి చీర కింద లోపావడా నాడాను గట్టిగా బిగించి కట్టుకునేవారు. అరవైలలో ఉన్న రెండవ మహిళకు పుండు రెండేళ్లుగా ఉంది. ఆమె 40 ఏళ్లుగా ‘లుగ్డా’ పద్ధతిలో, లోపావడా లేకుండానే, చీరను నడుముకు బిగించి కడుతున్నారు. ఆమెకు అప్పటికే వ్యాధి గజ్జలలోని లసిక గ్రంథికి పాకింది.

ఈ వార్త వెలువడిన వెంటనే ‘చీర క్యాన్సర్’ అనే మాట సామాజిక మాధ్యమాలలో చుట్టబెట్టింది. అసలు కారణం చీర కాదని, దాని కింది నాడా బిగుతేనని సూచిస్తూ నివేదిక రాసిన వైద్యులు ‘పెటీకోట్ క్యాన్సర్’ అన్నారు. నిజానికి రెండు పేర్లూ సరిగా అతకవు. రెండవ మహిళ లోపావడాయే కట్టలేదు. ఇద్దరిలోనూ సమానంగా ఉన్నది వస్త్రం కాదు, బిగింపు. ఒకే చోట, దశాబ్దాల తరబడి, రోజంతా సాగిన ఒత్తిడి. పేరును బట్టి భయం పుడుతుంది కనుక ఈ తేడా చిన్నది కాదు.

ఈ ముప్పు చాలా అరుదైనదని ముందే చెప్పుకోవాలి. కోట్లాది మంది నిత్యం చీర కడుతున్న దేశంలో వైద్య సాహిత్యానికి ఎక్కిన ఇటువంటి కేసులు బహు కొద్ది. నడుము మీద నల్లని గీత ఉన్నంత మాత్రాన క్యాన్సరు వస్తుందని అర్థం కాదు. ఆ నలుపు చాలావరకు రాపిడికి చర్మం చూపే సహజ ప్రతిస్పందన మాత్రమే.

మరి పుండు క్యాన్సరుగా ఎలా మారుతుంది? రాపిడికి చర్మం పైపొర పలుచబడి చిట్లుతుంది. మామూలుగా అయితే కొద్ది రోజులలో మానుతుంది. మానేలోపే మరునాడు నాడా మళ్లీ అక్కడే ఒరుసుకుంటే గాయం తిరగబెడుతుంది. పైగా చెమట, తడి, దుమ్ము తోడవుతాయి. ఏళ్ల తరబడి చెడుతూ, మానుతూ ఉండే చోట కణాలు నిరంతరం విభజన చెందుతూనే ఉండాలి. ఆ క్రమంలో కొన్ని కణాలు అదుపు తప్పే అవకాశం పెరుగుతుంది. దీర్ఘకాలిక పుండ్లలో, పాత కాలిన మచ్చలలో పుట్టే ఈ తరహా క్యాన్సరును ‘మార్జోలిన్ పుండు’ అంటారు. అటువంటి పుండ్లను 1828లో వర్ణించిన ఫ్రెంచి శస్త్రవైద్యుడు జాన్ నికొలా మార్జోలిన్ పేరు మీదుగా వచ్చిన పదమిది.

భారతీయ వైద్యులకు ఇది కొత్త సంగతి కాదు. పంచె బిగించి కట్టే పురుషులలో నడుముపై వచ్చే క్యాన్సరును వి.ఆర్. ఖానోల్కర్, బి. సూర్యాబాయి 1945లోనే ‘ధోతీ క్యాన్సర్’గా నమోదు చేశారు. కనుక దీనిని స్త్రీల వేషధారణపై తీర్పుగా చదవనక్కర లేదు. చలికి ఫెరన్ లోపల నిప్పుల కుంపటి పెట్టుకునే కశ్మీరీలలో ‘కాంగ్రీ క్యాన్సర్’, చుట్ట నిప్పును నోటిలోపల ఉంచి కాల్చే ఉత్తరాంధ్ర ‘అడ్డపొగ’ అలవాటుతో అంగిలికి వచ్చే క్యాన్సర్ కూడా వైద్య గ్రంథాలకు ఎక్కినవే. అలవాటు ఏ చోట తాకితే వ్యాధి ఆ చోటనే కనిపించడం వీటన్నిటిలోని పోలిక.

నాడా మీద వేలాడే చీర

నేడు దేశమంతటా వాడుకలో ఉన్న ఆరు గజాల కట్టును ‘నివి’ అంటారు. సంస్కృతంలో ‘నీవి’ అంటే స్త్రీలు కట్టిన బట్టకు నడుము దగ్గర వేసే ముడి. తెలుగులో దానికి ‘పోకముడి’ అనే చక్కని మాట ఉంది. పాత కట్టులలో చాలావాటికి ఆ ముడే ఆధారం. గోచి పోసి కట్టే తీరులో కాళ్ల మధ్య నుంచి తీసి వెనుక దోపిన బట్ట కూడా కొంత పట్టు ఇస్తుంది. లోపావడా, జాకెట్టుతో కూడిన నేటి రూపు 19వ శతాబ్ది ద్వితీయార్ధంలో పట్టణ మధ్యతరగతిలో స్థిరపడింది. ఐసీఎస్‌లో తొలి భారతీయుడైన సత్యేంద్రనాథ్ ఠాగూర్ భార్య జ్ఞానదానందినీ దేవి బొంబాయిలో పార్సీ స్త్రీల కట్టు చూసి, దానిని మార్చుకుని బెంగాల్‌కు తీసుకువెళ్లారు. బ్రాహ్మ సమాజ కుటుంబాలలో వ్యాపించినందున దానికి ‘బ్రాహ్మికా’ కట్టు అని పేరు వచ్చింది. నాడాతో బిగించే ఘాగ్రాలు, లంగాలు అంతకుముందే ఉన్నాయి. అయితే చీర కింద లోపావడా తప్పనిసరి కావడం ఈ మార్పులోని భాగమే.

దీనితో చీర బరువు మోసే చోటు మారింది. కుచ్చిళ్లు, చుట్లు అన్నీ లోపావడాలోకే దోపుతారు. దాదాపు ఐదున్నర మీటర్ల బట్టను నిలబెట్టేది సన్నని నాడా ఒక్కటే. పెద్ద అంచు పట్టుచీర అయితే కిలో వరకూ తూగవచ్చు. నాడా ఎంత సన్ననైతే ఒత్తిడి అంత తక్కువ మేరలో పడి అంత లోతుగా దిగుతుంది.

వదులుగా కట్టుకోమని చెప్పడం తేలికే. వరినాట్లకు వంగే కూలీకి, తట్ట మోసే మేస్త్రీ పనివారికి, కిక్కిరిసిన బస్సులో నిలబడే ఉద్యోగినికి చీర జారదన్న భరోసా కావాలి. కుచ్చిళ్లు ఎత్తి దోపుకోవడం, కొంగును నడుముకు చుట్టడం, చిల్లర డబ్బులో తాళంచెవుల గుత్తో రొంటిన పెట్టుకోవడం అన్నీ ఆ ముడి మీదే భారం. పనికి పూనుకోవడాన్ని ‘నడుం బిగించడం’ అనే భాష మనది! పైగా పల్లెలలో ఎందరో పగలు కట్టిన చీరతోనే నిద్రపోతారు. అంటే చర్మానికి రాత్రయినా విరామం లేదు.

ఏం చేయవచ్చు?

నాడాకు బదులు రెండు మూడు అంగుళాల వెడల్పు పట్టీ కుట్టించుకుంటే ఒత్తిడి విస్తరిస్తుంది. నాడాయే వాడితే ముడి ఒక రోజు కుడివైపు, మరునాడు ఎడమవైపు వేసుకోవచ్చు. కట్టే ఎత్తును కూడా కాస్త మార్చాలి. ఇంటికి చేరగానే ముడి వదులు చేసి, చెమట తుడిచి, చర్మానికి గాలి తగలనివ్వాలి. పడుకునేటప్పుడు వదులు దుస్తులు మేలు. గీత దగ్గర చర్మం చిట్లితే అది మానేదాకా అక్కడ ఏదీ బిగించకూడదు. ఈ జాగ్రత్తలకు ఖర్చు దాదాపు లేదు.

నాలుగు వారాలైనా మానని పుండు, అంచులు గట్టిపడి పైకి లేచిన పుండు, రక్తమో దుర్వాసనతో కూడిన రసో కారే పుండు, గజ్జలలో బిళ్ల కట్టడం: వీటిలో ఏది కనిపించినా పసుపు, ఆకు పసరు, దుకాణంలో కొన్న లేపనాలతో కాలయాపన చేయకుండా వైద్యులకు చూపాలి. పైకి చూసి తేల్చలేరు కనుక చిన్న ముక్క తీసి పరీక్షకు పంపుతారు. తొలి దశలోనే గుర్తిస్తే పుండును చుట్టూ కొంత ఆరోగ్యకరమైన చర్మంతో సహా తొలగించడం ద్వారా చాలామందికి నయమవుతుంది. గ్రంథులకు పాకితే చికిత్స పెద్దదవుతుంది.

ఆ చోటు చూపించడానికి బిడియపడి నెలలు గడిపేవారు తక్కువ కాదు. ఇంట్లో పెద్దవారి నడుము మీద గీతను కోడళ్లో కూతుళ్లో ఒకసారి వెలుతురులో చూడడం మంచిది. వెనుకవైపు పడిన పుండు వారి కంటికి ఎలాగూ ఆనదు.