ప్రేమకథలో ‘మీరు’ ఎక్కడ ‘నువ్వు’ అవుతుంది?

మా సంఘం ఉగాది సంచికకు ఈసారి వచ్చిన కథల్లో ఎక్కువ ప్రేమకథలే. బస్సులో చూసుకుంటారు, పెద్దలు కాదంటారు, చివరి పేజీలో ఒప్పుకుంటారు. చదవడానికి బాగానే ఉంటాయి. కానీ తెలుగు కథ మొదట్లోనే ఈ దారి తొక్కలేదు.

గురజాడ ‘దిద్దుబాటు’ (1910) మొదలయ్యేదే పెళ్లి తరవాత. గోపాలరావు సానివాళ్ల పాట విని రాత్రి ఆలస్యంగా ఇంటికొస్తే, పుట్టింటికి పోతున్నానని కమలిని రాసిన ఉత్తరం కనిపిస్తుంది. ఆమె నిజంగా వెళ్లలేదు, మంచం కిందే ఉంది. భార్యకు చదువొచ్చు కాబట్టే ఆ ఉత్తరం, ఆ ఉత్తరం ఉంది కాబట్టే ఆ కథ. తరవాత చలం ‘మైదానం’లో రాజేశ్వరి భర్తను వదిలి అమీర్‌తో వెళ్లిపోయింది. ఆ గొడవ ఇంకా సద్దుమణగలేదనుకోండి!

యద్దనపూడి సులోచనారాణి ‘సెక్రటరీ’ 1976లో సినిమా కూడా అయింది. అక్కడ ప్రేమ అలకలో, ఆత్మాభిమానంలో కనిపిస్తుంది. ఇద్దరూ ఒకటయ్యాక నవల అయిపోతుంది. ఓల్గా ‘స్వేచ్ఛ’లో అరుణ ప్రేమించే పెళ్లి చేసుకుంది. అసలు చిక్కులు ఆ తరవాతే మొదలయ్యాయి.

రాసే పిల్లలకు నేను చెప్పేది ఒకటే: పిలుపు గమనించండి. వెనకటి కథల్లో ఆమె అతన్ని ‘మీరు’ అనేది, అతను ‘నువ్వు’ అనేవాడు. ఇప్పుడు ఇద్దరూ ‘నువ్వు’ అనుకుంటున్నారు. ఒక్కమాట మారితే చాలు, వర్ణన అక్కర్లేకుండానే వాళ్ల మధ్య ఎంత దూరముందో తెలిసిపోతుంది.

మన ఇళ్లలో ఇది ఇంకొంచెం చిక్కు. ఒక కథలో అమ్మాయి మన తెలుగింటిది, అబ్బాయి తమిళుడు. మాటలన్నీ పుస్తకాల తెలుగులో ఉన్నాయి. రాసిన అమ్మాయిని అడిగితే, “వాళ్లు తమిళంలోనే మాట్లాడుకుంటారు సార్, మీరు వేసుకోరేమోనని మార్చాను” అంది. ఆమె తొలి ప్రతి చూపించింది. ‘నీంగ’ అంటూ వచ్చిన పిల్ల ఆసుపత్రి వరండాలో మొదటిసారి ‘నీ’ అంటుంది. కథంతా అక్కడే తిరుగుతుంది. తెలుగులో అంతటా ‘నువ్వు’ పెట్టేసరికి అది కాస్తా పోయింది.

ఆ మాటలు తమిళంలోనే, మన లిపిలో రాసిమ్మన్నాను. తెలుగు సంచికలో తమిళమేమిటని కమిటీలో ఇద్దరు ఇంకా ఒప్పుకోలేదు. కథ మాత్రం ప్రెస్సుకు వెళ్లింది.