కెమెరా కదలని బడి

నేను హఫర్ అల్ బాతిన్‌లో పాఠాలు చెబుతున్నాను. సౌదీ అరేబియాలో ఈశాన్య మూలన, కువైట్‌కు దగ్గరగా ఉన్న ఊరు ఇది. ఇసుక తుఫాను బాగా లేస్తే బడికి సెలవు. అలాంటి ఒక రోజు, తలుపు కింద తడి తువ్వాలు పెట్టుకుని, ఒక సినిమా చూశాను. దాని పేరు ‘స్కూల్‌స్కేప్స్’. 2007లో డేవిడ్ మెక్‌డూగల్ తీశారు. తీసింది మన ఆంధ్రలోనే, మదనపల్లె దగ్గరి రిషి వ్యాలీ బడిలో.

ఇందులో కథ లేదు. ఒక్కో దృశ్యం ఒకే షాట్. కెమెరా ఒకచోట ఆగి చూస్తుంది, మనమూ ఆగి చూడాలి. నిజం చెప్పాలంటే, మొదట నాకు విసుగు పుట్టింది. టీచర్లకు ఊరికే చూడడం రాదు. పిల్లవాడు కనబడితే చాలు, ఏదో ఒకటి సరిదిద్దాలనిపిస్తుంది!

ఈ సినిమాకు ప్రేరణ ఇద్దరిచ్చారు. ఒకరు జిడ్డు కృష్ణమూర్తి. రిషి వ్యాలీ ఆయన ఆలోచనలతో నడిచే బడి. తీర్పు చెప్పకుండా చూడమని ఆయన జీవితమంతా చెప్పారు. రెండోవారు ఫ్రాన్స్ దేశపు లూమియేర్ సోదరులు. వాళ్ల తొలి సినిమాలు ఒక్కోటి నిమిషం కూడా ఉండవు, కెమెరా కదలదు. కృష్ణమూర్తి మదనపల్లెలో పుట్టింది 1895లో. పారిస్‌లో లూమియేర్ సోదరులు టికెట్టు పెట్టి సినిమా చూపించిందీ ఆ ఏడాది డిసెంబరులోనే.

మెక్‌డూగల్ అంతకుముందు డెహ్రాడూన్‌లోని డూన్ స్కూల్ మీద 5 సినిమాలు తీశారు. తర్వాత ఢిల్లీలో ఒక పిల్లల ఆశ్రమం మీద ‘గాంధీస్ చిల్డ్రన్’ తీశారు. బడిని ఇంత ఓపికగా చూసినవాళ్లు తక్కువ.

కాని నన్ను ఒక ప్రశ్న వదలలేదు. చూడడానికి పిల్లల దగ్గర ఎవరు అనుమతి తీసుకుంటారు? ఫ్రాన్స్‌లో నికొలా ఫిలిబేర్ ఒక పల్లెటూరి ఏకోపాధ్యాయ బడి మీద 2002లో ‘ఎత్ర్ ఎ అవ్వార్’ తీశారు. లక్షల మంది చూశారు. ఆ తర్వాత అందులోని మాస్టారే లాభంలో వాటా అడుగుతూ కోర్టుకు వెళ్లారు. 2004లో ఓడిపోయారు. నా మనసు మాత్రం ఆయన వైపే ఉంది.

మారిషస్‌లో, మోకాలోని మహాత్మా గాంధీ ఇన్‌స్టిట్యూట్‌లో మన కూలీ తాతల, అవ్వల ఫోటోలున్నాయి. ఆ ముఖాలు చూడండి. ఎవరూ నవ్వరు. దొర కూర్చోమన్నాడు, కూర్చున్నారు. ఈరోజు ఆ ఫోటోలే మనకు దొరికిన బంగారం. రెండు మాటలూ నిజమే, ఏది ఎక్కువ నిజమో నేను తేల్చలేను.

మరుసటి వారం భోజనం గంటలో ఫోను సంచిలోనే పెట్టి, పది నిమిషాలు ఊరికే కూర్చున్నాను. క్లాసులో నోరు విప్పని ఒక అమ్మాయి, పక్కనున్న చిన్నదాని నీళ్ల సీసా మూత తిప్పి ఇచ్చింది. ఆ చిన్నది అడగనేలేదు, సీసా ముందుకు జరిపింది, అంతే. ఇది రోజూ జరిగేదే అని తెలుస్తోంది. ఇంతలో ఆ అమ్మాయి తలెత్తి నన్ను చూసింది, చేతులు వెనక్కి లాక్కుంది. నేను గబగబా హాజరు పట్టీ తెరిచాను.