ఇంటియందే పండ్ల ఐసింగు

పండించిన పంటను మంచి ధరకు అమ్ముకొనుట యొక విద్య. అమ్ముడుపోని పండును వ్యర్థము కానీయకుండుట మఱియొక విద్య. మొదటిదానియందు మన రైతులు ఏటేట నేర్పు సంపాదించుచున్నారు. రెండవదానియందు ఇంకను శ్రద్ధ చాలదు. కావున నేడు ఆ రెండవదానిని గూర్చి సభ్యులకు కొంత మనవి చేసెదను.

హైదరాబాదునకు తూర్పున, విజయవాడ రాజమార్గముపై, అబ్దుల్లాపూర్‌మెట్టు మండలమున బాటసింగారము గలదు. 1986 మొదలుకొని కొత్తపేటయొద్ద గడ్డిఅన్నారమున నడచిన పండ్ల మార్కెటు 2022లో ఈ గ్రామమునకు తరలివచ్చినది. దిల్‌సుఖ్‌నగరు, ఎల్బీనగరు ప్రజలు వేసవి వచ్చినదని మామిడిపండ్ల వాసనచేతనే తెలిసికొనెడి ఆ పాత స్థలము ఆసుపత్రి నిర్మాణమునకు ఈయబడినది. ఇపుడు కొల్లాపురపు మామిడియు, నల్లగొండ బత్తాయియు, బొప్పాయి, ద్రాక్ష, సీతాఫలము మొదలగునవియు బాటసింగారపు మార్కెటునకే చేరుచున్నవి.

మార్కెటునకు బండి తోలిన ప్రతి రైతునకును ఒక సంగతి తెలిసియే యుండును. పక్వమునకు వచ్చియు గట్టిగా నున్న కాయకు ధర గలదు. త్రోవలో మెత్తబడిన పండునకును, సొన కాఱి తొక్క నల్లబడిన పండునకును, పరిమాణము తక్కువైన పండునకును ధర పడిపోవును. రుచియందు వీనికి లోపమేమియు లేదు. చెట్టుననే మాగిన పండు రుచియందు మేలైనదియు కావచ్చును. అయినను కొనువాడు కంటితో చూచి కొనును గాని నాలుకతో కాదు. ఇట్టి పండ్లను అయినకాడికి విడుచుటకంటె, ఇంటికి తెచ్చి గుజ్జుగా మార్చుట మంచిది.

ఆ గుజ్జుతో తాండ్ర పోయుట మనవారికి క్రొత్త కాదు. ఆత్రేయపురపు మామిడితాండ్ర తెలుగువారందఱు ఎఱిగినదే. ఇపుడు చెప్పబోవు వంటకము తాండ్రకు చెల్లెలివంటిది. తాండ్రను ఎండ ఆరబెట్టును. దీనిని మంటయు చక్కెరయు గట్టిపఱచును.

ఐసింగు అనగానేమి?

కేకుపై పూయు తీపి పూతకు ఐసింగని పేరు. పేరులో మంచుగడ్డ యున్నది గాని వంటకములో లేదు. తెల్లని చక్కెర పూత మంచు పట్టినట్లు కనబడుటచే ఆ పేరు వచ్చినది. ఒకప్పుడు మన గ్రామములలో కేకు అనునది క్రిస్మసు దినములయందు క్రైస్తవ గృహములలో మాత్రమే కనబడెడిది. నేడు ఏ పల్లెయందైనను బిడ్డల పుట్టినరోజునకు కేకు కోయుట ఆచారమైనది. దానికై పట్టణపు అంగడికి పోవుచున్నారు.

అంగడి కేకుపై సాధారణముగా వెన్నపూతయో, నూనెతో చేసిన క్రీమో యుండును. వెన్న మన శరీరపు వేడికంటె తక్కువ వేడికే కరగును. మే మాసమున మన యెండ 40 డిగ్రీలు దాటునపుడు వెన్నపూత ఎట్లు నిలుచును? పండ్ల పూతకు ఈ చిక్కు లేదు. మామిడి వచ్చుకాలమును, వెన్న నిలువని కాలమును ఒకటియే యగుట మన యదృష్టము.

పండ్లను ఏఱుట

మెత్తబడిన పండు వేఱు, కుళ్లిన పండు వేఱు. తొడిమయొద్ద నల్లగా క్రుళ్లినవి, పురుగు పట్టినవి, బూజు పట్టినవి, పులిసిన వాసన గలవి పారవేయవలయును. చెడిన భాగమును కోసి మిగిలినదానిని వాడుటయు క్షేమము కాదు. బూజు కంటికి కనబడినంతమేర మాత్రమే యుండదు. తొక్కపై మచ్చ యుండి కండ బాగున్న పండు ఈ పనికి సరియైనది. ఒక సెంటీమీటరు తొడిమ యుంచి కోసి, సొన కాఱనిచ్చిన పిమ్మట బుట్టకెత్తినచో ఇట్టి మచ్చలే తగ్గునని ఈ సందర్భమున జ్ఞాపకము చేయుచున్నాను.

బంగినపల్లి పండునందు పీచు లేదు గనుక గుజ్జు నునుపుగా నుండును. రసముల గుజ్జును పలుచని గుడ్డలోనో జల్లెడలోనో వడియగట్టవలయును. పులుపు గల తోతాపురిని బంగినపల్లితో కలిపినచో రుచి చక్కగా నమరును.

మొదటి విధము: చక్కెర పూత

కావలసినవి: మామిడి గుజ్జు 500 గ్రాములు, చక్కెర 250 గ్రాములు, మొక్కజొన్న పిండి ఒక చెంచా, నిమ్మరసము ఒక చిన్న చెంచా.

చక్కెరను మొక్కజొన్న పిండితో కలిపి మెత్తగా విసరి వస్త్రగాళితము పట్టవలయును. పలుకులు మిగిలినచో పూత ఇసుకవలె నాలుకకు తగులును. గుజ్జును స్టీలు గిన్నెలో సన్నని సెగపై, పొడుగు గరిటెతో అడుగంటకుండ కలుపుచు సగమగువఱకు ఇగుర్చవలయును. ఇనుప బాణలి పనికిరాదు. పండ్ల పులుపు తగిలి గుజ్జు నల్లబడును. చిక్కబడుకొలది గుజ్జు చిమ్మును గావున పిల్లలను దూరముగా నుంచవలయును. చల్లని పళ్లెముపై ఒక బొట్టు వేసినపుడు అది జాఱక, చుట్టును నీరు విడువక నిలిచినచో పాకము కుదిరినట్లు.

గుజ్జు పూర్తిగా చల్లారిన పిదప, చక్కెర పొడిలో ముందుగా రెండు పెద్ద చెంచాలు వేసి కలుపవలయును. పిదప కొంచెము కొంచెముగా మూడవ చెంచా చేర్చవలయును. ఒక్కమాఱుగా పోసినచో పలుచనై, మరల పొడి చేర్చవలసి వచ్చును. నిమ్మరసము కలిపి, గరిటెనుండి పట్టుదారమువలె జాఱునపుడు కేకుపై పోయవలయును. కేకు చల్లారియుండవలయును, వేడి కేకుపై పూత కరగి లోనికి ఇంకిపోవును. ఈ కొలత 20 సెంటీమీటర్ల వెడల్పుగల కేకునకు చాలును. మిగిలిన గుజ్జును తాండ్ర పోసికొనవచ్చును.

రెండవ విధము: తక్కువ చక్కెరతో

కావలసినవి: గుజ్జు 300 గ్రాములు, చక్కెర 100 గ్రాములు, చైనాగడ్డి 5 గ్రాములు, నీరు 150 మిల్లీలీటర్లు, అరచెక్క నిమ్మరసము.

చైనాగడ్డి సముద్రపు నాచునుండి తీసినది గావున శాకాహారులకు అభ్యంతరము లేదు. జంతువుల చర్మము, ఎముకలనుండి తీయు జెలటిను అట్టిది కాదు. మఱియు పచ్చి అనాస, బొప్పాయి రసములు జెలటినును గడ్డకట్టనీయవు. చైనాగడ్డికి ఆ బాధ లేదు.

దానిని నీటిలో పావుగంట నానబెట్టి, పూర్తిగా కరగువఱకు కాచవలయును. వేఱొక గిన్నెలో గుజ్జును చక్కెరతో ఉడికించి, రెండును వేడిగా నున్నపుడే కలుపవలయును. చల్లని గుజ్జులో పోసినచో ఉండలు కట్టును. నిమ్మరసమును దించిన పిదపనే చేర్చవలయును. పులుపుతో మరగినచో గడ్డకట్టు గుణము తగ్గును. కొంచెము ఆఱిన పిదప, గోరువెచ్చనికి రాకముందే, మొదట పలుచగా పూసి, అది పట్టిన పిదప మిగిలినది పోయవలయును. ఒకమాఱు గడ్డకట్టినది మన వేసవి యెండకు కరగదు.

ఇతర ఫలములు

సీతాఫలపు గుజ్జును కాచరాదు, కాచినచో చేదెక్కును. గింజలు తీసి పచ్చిగుజ్జునే చక్కెర పొడితో కలిపి ఆనాడే వాడవలయును. బత్తాయి రసమును నిలువయుంచినచో చేదగును, పిండినవెంటనే వాడవలయును. నల్లద్రాక్ష, నేరేడుల రంగు నిమ్మరసము తగిలినపుడు ఎఱ్ఱగా ప్రకాశించును.

నిలువ

కాచిన గుజ్జుతో చేసిన చక్కెర పూతను శుభ్రమైన సీసాలో మూతవేసి ఫ్రిజ్జునందుంచినచో ఒక వారము వాడుకొనవచ్చును. చైనాగడ్డి పూత రెండు దినములలో ముగియవలయును. పచ్చిగుజ్జు పూత ఆ దినముననే తినదగినది.

రంగు, కార్బైడు

ఒక హెచ్చరిక. పసుపు రంగు హెచ్చుటకై అంగడి రంగులు చేర్చవలదు. మెటానిల్ యెల్లో అను రంగు ఆహారమునందు నిషిద్ధము. అట్లే కాల్షియం కార్బైడుతో పండ్లను మాగవేయుట 2011 నాటి ఆహార నిబంధనలచే నిషేధింపబడినది. అట్లు మాగిన కాయ పైకి పసుపుగా నున్నను లోపల పుల్లగా నుండవచ్చును. అట్టి గుజ్జునకు వాసన యుండదు, చక్కెర ఎంత పోసినను రుచి రాదు. వరిగడ్డిలో మాగిన పండునకు రంగుతో పని లేదు. మన బిడ్డ నోటికి అందింపజాలని దానిని పరుల బిడ్డకు అమ్మరాదు.

అమ్మదలచినవారికి

ఇంటి యవసరము తీఱిన పిదప, స్త్రీల సంఘములవారు దీనిని విక్రయింపదలచినచో ఆహార భద్రతాశాఖయొద్ద ముందుగా నమోదు చేయించుకొనవలయును. పండు, చక్కెర, గ్యాసు, సీసా, కూలి వీని వ్యయమును ప్రతిదినము పుస్తకమున వ్రాయవలయును. తన తోట పండు ఊరకనే వచ్చినదని లెక్కింపరాదు. ఆనాటి మార్కెటు ధరను వేసికొన్నపుడే లాభనష్టములు తేలును. ఒక్కొక్కరు విడివిడిగా చక్కెరయు సీసాలును కొనుటకంటె సంఘముద్వారా కొన్నచో వ్యయము తగ్గును.

ఐసింగు చేసినంతమాత్రమున రైతు ఋణము తీఱునని ఎవ్వరును చెప్పజాలరు. బండెడు మామిడి ధర పడిపోయిననాడు నాలుగు సీసాల గుజ్జు ఆ లోటు పూడ్చలేదు. కాని ఏడాదియంతయు నీరు పోసి, కాపలా కాచి పండించిన ఫలము త్రోవప్రక్కను కుప్పగా పడి ఈగల పాలగుట చూచిన రైతు, దానిలో కొంతయైనను తన బిడ్డల పండుగకు ఉపయోగపడుట మేలని తప్పక ఒప్పుకొనును. ఈ వేసవిని ప్రతి సభ్యుని యింటను ఒక కిలో పండుతోనైనను దీనిని చేసి చూడవలయునని కోరుచున్నాను.